న్యాయమూర్తి లెమ్యుయెల్ షా: తరచుగా అడిగే ప్రశ్నలు

నేను లా విద్యార్థులకు పాఠాలు చెప్తాను. టార్ట్స్ (ఒకరి తప్పు వల్ల ఇంకొకరికి జరిగిన నష్టానికి పరిహారం తేల్చే చట్టం) క్లాసులో ఒక పాత అమెరికన్ రైల్వే కేసు వచ్చిన ప్రతిసారీ పిల్లలు ఆ జడ్జి ఎవరని అడుగుతారు. ఒక ప్రశ్నతో మొదలై గంట గడిచిపోతుంది. ఏళ్ల తరబడి వాళ్లు అడిగినవీ, నేను చెప్పినవీ ఇక్కడ ఒకచోట పెడుతున్నాను.

లెమ్యుయెల్ షా ఎవరు?

అమెరికాలోని మసాచుసెట్స్ రాష్ట్ర అత్యున్నత న్యాయస్థానానికి 1830 నుంచి 1860 వరకు ప్రధాన న్యాయమూర్తి. ఆ ముప్పై ఏళ్లలో రెండు వేలకు పైగా తీర్పులు రాశాడు. రైళ్లు, మిల్లులు, కార్మిక సంఘాలు, బానిసత్వం, బడులు, హత్య విచారణలు, ఇలా ఆ కాలపు గొడవలన్నీ ఆయన బల్ల మీదికి వచ్చాయి. అంతకుముందు చాలా ఏళ్లు లాయరుగా, శాసనసభ్యుడిగా పనిచేశాడు. అమెరికన్ సుప్రీంకోర్టులో ఒక్కరోజు కూడా కూర్చోకపోయినా ఆ దేశపు న్యాయచరిత్రలో ఇంత లోతైన ముద్ర వేసినవాళ్లు తక్కువ.

రాష్ట్ర జడ్జి అంటే మన హైకోర్టు జడ్జి లాంటివాడా?

చాలామంది అలాగే అనుకుంటారు, కానీ తేడా పెద్దది. మన దేశంలో కోర్టులన్నీ ఒకే నిచ్చెన. కింది కోర్టు, హైకోర్టు, పైన సుప్రీంకోర్టు. అమెరికాలో ప్రతి రాష్ట్రానికీ సొంత రాజ్యాంగం, సొంత చట్టాలు, వాటికి అర్థం చెప్పే సొంత అత్యున్నత కోర్టు ఉంటాయి. రాష్ట్ర చట్టం విషయంలో ఆ కోర్టు మాటే ఆఖరు. ఫెడరల్ చట్టమో, దేశ రాజ్యాంగమో మధ్యలోకి వస్తేనే వాషింగ్టన్‌లోని దేశ సుప్రీంకోర్టు కలగజేసుకుంటుంది.

పైగా 1840ల్లో కూలి, ప్రమాదం, ఆస్తి, పెళ్లి, బడి అన్నీ రాష్ట్ర చట్టం కిందికే వచ్చేవి. రైళ్లు, ఫ్యాక్టరీలు అప్పుడే పుడుతున్నాయి కాబట్టి వాటికి రాసి ఉన్న చట్టాలు దాదాపు లేవు. కేసు వచ్చినప్పుడు జడ్జి చెప్పిందే నియమమయ్యేది. ఒక మామూలు మనిషి జీవితాన్ని ఆ రోజుల్లో దేశ సుప్రీంకోర్టు కంటే రాష్ట్ర కోర్టే ఎక్కువగా తాకింది.

ఆయన ఎక్కడ పుట్టాడు? ఏం చదివాడు?

1781 జనవరి 9న, కేప్ కాడ్ తీరంలోని బార్న్‌స్టబుల్‌లో. తండ్రి ఓక్స్ షా చర్చి పాస్టరు. 1800లో హార్వర్డ్‌లో పట్టా పుచ్చుకున్నాడు. కొన్నాళ్లు బడిపంతులుగా, కొన్నాళ్లు పత్రికలో పనిచేసి, ఒక లాయరు దగ్గర శిష్యరికం చేసి లా నేర్చుకున్నాడు. అప్పటికి లా కాలేజీలు చాలా అరుదు, చాలామంది చదువు సీనియర్ ఆఫీసులోనే. 1804లో లాయరుగా నమోదయ్యి బోస్టన్‌లో ప్రాక్టీసు పెట్టాడు.

శాసనసభ్యుడిగా ఆయన చేసిన పనేమిటి?

జడ్జిగా ఆయన చేసిన పనుల మూలాలు ఇక్కడే ఉన్నాయని నా నమ్మకం. అందుకే ఈ జవాబు కొంచెం పెద్దది.

ఫెడరలిస్టు పార్టీ తరఫున 1811లో తొలిసారి రాష్ట్ర దిగువ సభకు వెళ్లాడు. తర్వాత మళ్లీ ఎన్నికయ్యాడు, 1820ల్లో రాష్ట్ర ఎగువ సభ సెనేట్‌లో కూడా కూర్చున్నాడు. 1820లో రాష్ట్ర రాజ్యాంగాన్ని సవరించడానికి జరిగిన మహాసభకు ప్రతినిధిగా వెళ్లాడు. 1821లో జేమ్స్ ప్రెస్కాట్ అనే ప్రొబేట్ (వీలునామాలు, వారసత్వం చూసే) జడ్జి మీద, కోర్టు పనులకు అక్రమంగా ఫీజులు గుంజాడని అభిశంసన విచారణ జరిగింది. సభ తరఫున కేసు నడిపిన బృందంలో షా ఒకడు. ఎదుటి పక్షాన ప్రెస్కాట్ తరఫున వాదించింది ఆనాటి మేటి వక్త డేనియల్ వెబ్‌స్టర్. చివరికి ప్రెస్కాట్ పదవి పోయింది. జడ్జి తప్పు చేస్తే శాసనసభ అతన్ని దించగలదని షాకు పుస్తకంలో చదవాల్సిన పని లేదు, తన చేతులతోనే ఆ పని చేశాడు.

ఇంకోటి, బోస్టన్ నగర చార్టర్, అంటే నగరపాలన ఎలా ఉండాలో చెప్పే పత్రం. జనాభా 40 వేలు దాటినా బోస్టన్ అప్పటికి పాత పద్ధతిలోనే నడుస్తోంది. ఓటున్నవాళ్లంతా ఒక హాలులో చేరి చేతులెత్తి నిర్ణయాలు చేసేవాళ్లు. అన్ని వేలమంది ఒక హాలులో ఎలా పడతారు? 1822లో మేయరు, కౌన్సిళ్లతో నగరపాలన మొదలైంది. ఆ చార్టర్ చాలావరకు షా రాసిందే.

అగ్నిమాపక వార్డెన్, స్కూల్ కమిటీ సభ్యుడు లాంటి చిన్న చిన్న బాధ్యతలు కూడా మోశాడు. ఊరు ఎలా నడుస్తుందో, ఒక కమిటీ నిర్ణయం వెనక ఎంత తర్జనభర్జన ఉంటుందో లోపలి నుంచి చూసిన మనిషి. అందుకే జడ్జి అయ్యాక "ఇది కమిటీ తేల్చాల్సింది, ఇది శాసనసభ మార్చాల్సింది" అన్న ధోరణి ఆయన తీర్పుల్లో మళ్లీ మళ్లీ కనబడుతుంది. అది కొన్నిసార్లు మంచి వినయం, కొన్నిసార్లు ఘోరమైన తప్పు.

ప్రధాన న్యాయమూర్తి ఎలా అయ్యాడు? ఎన్నిక జరిగిందా?

జరగలేదు. 1780 నాటి మసాచుసెట్స్ రాజ్యాంగం ప్రకారం జడ్జీలను గవర్నరు నియమిస్తాడు, మంచి నడవడి ఉన్నంతకాలం పదవిలో ఉంటారు. అప్పట్లో రిటైర్మెంటు వయసు కూడా లేదు. 1830లో ప్రధాన న్యాయమూర్తి ఐజాక్ పార్కర్ చనిపోతే గవర్నరు లెవీ లింకన్ ఈ పదవిని షాకు ఇచ్చాడు. జీతం ఏడాదికి 3,500 డాలర్లు, అంటే ప్రాక్టీసులో వస్తున్నదానిలో చిన్న ముక్క. షా తటపటాయించాడు. పట్టుబట్టి ఒప్పించినవాళ్లలో ప్రెస్కాట్ విచారణలో ఎదురు నిలిచిన డేనియల్ వెబ్‌స్టరే ముఖ్యుడు.

వేరే రాష్ట్రాల్లో గాలి ఇంకోవైపు వీస్తోంది. 1832లో మిసిసిపీ, 1846లో న్యూయార్క్ జడ్జీలను ప్రజలే ఎన్నుకోవాలన్నాయి. మసాచుసెట్స్ మాత్రం మారలేదు.

సమ్మె చేసిన కార్మికుల కేసేమిటి?

బోస్టన్‌లో బూట్లు కుట్టే పనివాళ్లు ఒక సంఘం పెట్టుకున్నారు. సంఘంలో లేనివాణ్ణి పనిలో పెట్టుకున్న యజమాని దగ్గర పనిచేయమన్నది వాళ్ల కట్టుబాటు. జెరెమయా హార్న్ అనే పనివాడు జరిమానా కట్టనని సంఘంతో గొడవపడ్డాడు, యజమాని అతన్ని పనిలోంచి తీసేయాల్సి వచ్చింది. దాంతో సంఘం నాయకుడు జాన్ హంట్ మీదా, మరికొందరి మీదా కుట్ర నేరం మోపారు. 1840లో కింది కోర్టు శిక్ష వేసింది.

పాత ఇంగ్లిష్ ఆలోచనలో, కూలి పెంచుకోవడానికి పదిమంది కలవడమే కుట్ర. 1842లో షా ఆ శిక్ష కొట్టేశాడు. కలవడం తప్పు కాదు, ఏ లక్ష్యం కోసం, ఏ పద్ధతుల్లో అన్నది చూడాలి, నేరపు లక్ష్యమో నేరపు పద్ధతో ఉంటేనే కుట్ర అన్నాడు. ఎవరి దగ్గర పనిచేయాలో ఎంచుకునే స్వేచ్ఛ మనిషికి ఉన్నప్పుడు, ఆ స్వేచ్ఛను పదిమంది కలిసి వాడుకుంటే నేరమెలా అవుతుంది?

దీన్ని మన చరిత్ర పక్కన పెట్టి చూడమని పిల్లలకు చెప్తాను. ఆ తర్వాత దాదాపు ఎనభై ఏళ్లకు, తెలుగు జిల్లాలు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న రోజుల్లో, బకింగ్‌హామ్ కర్నాటిక్ మిల్లు గొడవలో మద్రాస్ లేబర్ యూనియన్ నాయకుడు బి.పి. వాడియా మీద మద్రాసు హైకోర్టులో దావా వేశారు. కార్మికులను ఉద్యోగ ఒప్పందం తప్పేలా చేశారని ఆరోపణ. ఆ దెబ్బతో వచ్చిన ఆందోళన ఫలితమే 1926 ట్రేడ్ యూనియన్ల చట్టం. రిజిస్టరైన సంఘానికి కుట్ర కేసు నుంచి రక్షణ మనకు ఆ చట్టంతో దక్కింది. బోస్టన్ బూటు పనివాళ్లకు అదే తరహా రక్షణ ఒక జడ్జి తీర్పుతో దక్కింది.

మరి అదే ఏడాది రైల్వే కార్మికుడికి అన్యాయం చేశాడంటారు?

చేశాడు, దీన్ని దాచను. మా నాన్నగారు కాజీపేటలో పాయింట్స్‌మన్‌గా, అంటే రైలు ఏ పట్టా మీదికి మళ్లాలో ఆ పాయింట్లు సర్దే పనిలో ఉండేవారు. ఈ కేసు చదివినప్పుడల్లా ఆయన చేతులే గుర్తొస్తాయి.

నికొలాస్ ఫార్వెల్ బోస్టన్-వూస్టర్ రైల్వేలో ఇంజిన్ డ్రైవరు. రోజు కూలి రెండు డాలర్లు. 1837లో ఒకరోజు విట్‌కాంబ్ అనే పాయింట్స్‌మన్ పాయింట్ తప్పుగా వదిలేశాడు. ఇంజిన్ పట్టాలు తప్పింది, ఫార్వెల్ కుడి చెయ్యి పోయింది. కంపెనీ మీద దావా వేశాడు.

అదే ప్రమాదంలో ఒక ప్రయాణికుడి చెయ్యి పోయి ఉంటే కంపెనీ పరిహారం ఇవ్వాల్సిందే, ఎందుకంటే నౌకరు తప్పుకు యజమాని బాధ్యుడు. కానీ ఫార్వెల్‌కు రాలేదు. షా చెప్పిన కారణం ఇది: ప్రమాదం ఉన్న పనికి కూలి ఎక్కువ, ఆ కూలికి ఒప్పుకున్నప్పుడే ప్రమాదానికీ ఒప్పుకున్నట్టు, తోటి పనివాడి అజాగ్రత్త కూడా ఆ ప్రమాదంలో భాగమే. పనివాళ్లు ఒకరినొకరు గమనించుకుంటారు, కాబట్టి ఈ నియమమే అందరినీ జాగ్రత్తగా ఉంచుతుందని కూడా అన్నాడు.

పరుగెత్తే ఇంజిన్ మీద ఉన్నవాడు దూరంగా పాయింట్ దగ్గరున్నవాణ్ణి ఎలా గమనిస్తాడు? ఇద్దరూ వేర్వేరు విభాగాలని ఫార్వెల్ లాయరు అంటే, విభాగాల మధ్య గీత ఎక్కడ గీస్తామని షా దాన్ని పక్కన పెట్టాడు. కూలి బేరంలో పోయే చేతికి ధర కట్టే అవకాశం ఏ డ్రైవరుకు ఉంటుంది? నా దృష్టిలో ఆయన రాసిన అత్యంత పదునైన తీర్పుల్లో ఇదొకటి, అత్యంత కఠినమైనదీ ఇదే. రైల్వేలకు మాత్రం పెద్ద ఊరట. మిగతా రాష్ట్రాలు చాలావరకు ఇదే దారి పట్టాయి, వేల కుటుంబాలు వీధిన పడ్డాయి.

ఆ నియమం ఎప్పుడు పోయింది?

మెల్లగా. మసాచుసెట్స్ శాసనసభ 1887లో యజమానుల బాధ్యత చట్టంతో దాన్ని కొంత కోసింది, 1911లో పరిహార చట్టం తెచ్చింది. మన దేశంలో 1923 నాటి వర్క్‌మెన్స్ కాంపెన్సేషన్ చట్టం పరిహారానికి వేరే దారి వేసింది. 1938 ఎంప్లాయర్స్ లయబిలిటీ చట్టం "తోటి పనివాడి తప్పు" అనే సాకును యజమానుల చేతిలోంచి లాగేసింది. లా పరీక్షల్లో ఇప్పటికీ ఈ ప్రశ్న అడుగుతారు.

కుక్కల పోట్లాట కేసు నిజమేనా?

నిజమే. ఇద్దరి కుక్కలు కొట్టుకుంటున్నాయి. వాటిని విడదీయడానికి కెండాల్ అనే ఆయన కర్ర ఎత్తితే వెనక నిలబడ్డ బ్రౌన్ కంటికి తగిలింది. పాత పద్ధతిలో దెబ్బ నేరుగా తగిలితే చాలు, కొట్టినవాడే కట్టుకోవాలి. 1850లో షా ఆ లెక్క మార్చాడు. కావాలని కొట్టాడనో, మామూలు జాగ్రత్త కూడా తీసుకోలేదనో బాధితుడే రుజువు చేయాలన్నాడు. నిర్లక్ష్యం మీద నేటి టార్ట్ చట్టానికి మొదటి రాళ్లలో ఇదొకటి.

"సహేతుకమైన సందేహం" గురించి ఆయనే చెప్పాడా?

ఆ మాట అంతకుముందే ఉంది, కానీ అమెరికన్ జ్యూరీలు శతాబ్దానికి పైగా విన్న వివరణ ఆయనదే. 1849 నవంబరులో బోస్టన్‌లో డాక్టర్ జార్జ్ పార్క్‌మన్ అనే సంపన్నుడు మాయమయ్యాడు. హార్వర్డ్ మెడికల్ కాలేజీలో ప్రొఫెసర్ జాన్ వెబ్‌స్టర్ గదుల దగ్గర శరీర భాగాలు దొరికాయి. పార్క్‌మన్ దగ్గర వెబ్‌స్టర్‌కు అప్పులున్నాయి. కాలిపోగా మిగిలిన కట్టుడు పళ్లను చూసి అవి తాను చేసినవేనని డెంటిస్టు సాక్ష్యం చెప్పాడు. 1850 మార్చిలో విచారణ జరిగింది. ఊరంతా గ్యాలరీకి ఎగబడింది. షా హార్వర్డ్ పాలకమండలి సభ్యుడు కూడా, అంటే ఈ పెద్దమనుషుల లోకం ఆయన లోకమే.

సహేతుకమైన సందేహమన్న మాట అందరికీ అర్థమైనట్టే ఉంటుంది, విడమరిచి చెప్పబోతే దొరకదు అని జ్యూరీకి చెప్పాడు. ఊహకు అందే ప్రతి అనుమానమూ సందేహం కాదు, సాక్ష్యమంతా తూచాక కూడా మనసు నిలకడగా నమ్మలేకపోతేనే అది సందేహమన్నాడు. వెబ్‌స్టర్‌కు ఉరి పడింది. ఆ వివరణ ప్రాసిక్యూషన్ వైపు మొగ్గిందని అప్పుడే విమర్శలొచ్చాయి. అందులోని "నైతిక నిశ్చయం" అన్న మాటను 1994లో అమెరికన్ సుప్రీంకోర్టు మళ్లీ తరచి చూసి, కాలంతో దాని అర్థం మారిపోయిందని ఒప్పుకుంది.

బానిసత్వం విషయంలో ఆయన ఏ పక్షం?

మనసు బానిసత్వానికి వ్యతిరేకం. 1820లోనే దాన్ని తప్పుబడుతూ వ్యాసం రాశాడు. తీర్పుల దగ్గరికి వస్తే మాత్రం కథ రెండుగా చీలుతుంది.

1836లో న్యూ ఓర్లియన్స్ నుంచి ఒక యజమానురాలు తన తండ్రి ఇంటికి బోస్టన్ వస్తూ మెడ్ అనే ఆరేళ్ల బానిస పిల్లను వెంట తెచ్చింది. బోస్టన్ స్త్రీల బానిసత్వ వ్యతిరేక సంఘం కోర్టుకెక్కింది. యజమాని ఇష్టపడి తెచ్చాక మసాచుసెట్స్ నేల మీద బానిసత్వం చెల్లదని, పిల్లను బలవంతంగా వెనక్కి తీసుకుపోలేరని షా తీర్పిచ్చాడు. ఉత్తరాది రాష్ట్రాల్లో చాలామంది బానిసలకు ఈ తీర్పు తలుపు తెరిచింది.

ఆ తీర్పులోనే ఒక మినహాయింపు ఉంది. యజమాని తేవడం వేరు, బానిస పారిపోయి రావడం వేరు. పారిపోయినవాళ్లను తిరిగి అప్పగించాలని దేశ రాజ్యాంగమే చెప్తోందన్నాడు. 1842లో జార్జ్ లాటిమర్ కేసులో ఆ మాట మీదే నిలబడి అతన్ని విడిపించడానికి ఒప్పుకోలేదు. జనం చందాలేసి 400 డాలర్లకు అతని స్వేచ్ఛ కొన్నారు. తర్వాతి ఏడాది రాష్ట్ర అధికారులెవరూ ఇలాంటి అరెస్టుల్లో పాల్గొనకూడదని శాసనసభ చట్టం చేసింది.

1851 ఏప్రిల్‌లో థామస్ సిమ్స్ వంతు వచ్చింది. జార్జియా నుంచి పారిపోయి వచ్చిన తాపీ పనివాడు. జనం విడిపించుకుపోతారని భయపడి కోర్టు భవనం చుట్టూ ఇనప గొలుసులు కట్టారు. ప్రధాన న్యాయమూర్తి ఆ గొలుసు కిందనుంచి వంగి లోపలికి వెళ్లాడు. హెబియస్ కార్పస్ (నిర్బంధంలో ఉన్నవాణ్ణి కోర్టు ముందుకు తెమ్మనే ఉత్తర్వు) ఇవ్వలేదు, 1850 నాటి పారిపోయిన బానిసల చట్టం చెల్లుతుందన్నాడు. తెల్లవారకముందే సిమ్స్‌ను మూడు వందలమంది కాపలాతో ఓడెక్కించారు. సవానాలో అతనికి బహిరంగంగా కొరడా దెబ్బలు కొట్టారు.

రాజ్యాంగంలోని ఆ ఒప్పందం లేకపోతే దేశమే నిలవదని షా గట్టిగా నమ్మాడు. చివరి రోజుల్లో, 1860 డిసెంబరులో, పారిపోయినవాళ్లను కాపాడే రాష్ట్ర చట్టాలను రద్దు చేయమన్న విజ్ఞప్తి మీద సంతకం కూడా పెట్టాడు. ఆయన నిజాయితీని నేను శంకించను. అయినా ఆ గొలుసు కింద వంగిన దృశ్యాన్ని క్షమించలేను.

సారా రాబర్ట్స్ కేసు ఎందుకంత పేరు పొందింది?

బోస్టన్‌లో నల్లజాతి పిల్లలకు విడిగా బడులుండేవి. ప్రింటరు బెంజమిన్ రాబర్ట్స్ కూతురు సారాకు ఐదేళ్లు. తెల్ల పిల్లల బడులు ఐదు దాటుకుంటూ తనకు కేటాయించిన స్మిత్ స్కూలుకు వెళ్లాలి. దగ్గరి బడిలో చేర్చుకోకపోతే తండ్రి దావా వేశాడు. వాదించినవాళ్లు చార్లెస్ సమ్నర్, ఆయనతో పాటు అమెరికాలోని తొలి నల్లజాతి లాయర్లలో ఒకరైన రాబర్ట్ మారిస్. చట్టం ముందు అందరూ సమానమన్న వాదనను సమ్నర్ కోర్టు ముందు గంటలకొద్దీ నిలబెట్టాడు.

1850లో షా ఆ సూత్రాన్ని ఒప్పుకుంటూనే దావా కొట్టేశాడు. పిల్లల్ని ఎలా విభజించాలో స్కూల్ కమిటీ ఇష్టం, అదనంగా నడిచే దూరం మైలులో ఐదో వంతే, జాతి ద్వేషం ఉంటే దాన్ని చట్టం పుట్టించలేదు, బహుశా మార్చలేదు కూడా అన్నాడు. ఒకప్పటి స్కూల్ కమిటీ సభ్యుడు ఇక్కడ మాట్లాడుతున్నాడు అనిపిస్తుంది నాకు. ఐదేళ్ల పిల్లకు అది దూరం లెక్క కాదు కదా.

రాబర్ట్స్, మారిస్, వాళ్లతో ఉన్న తల్లిదండ్రులు ఆగలేదు. 1855లో మసాచుసెట్స్ శాసనసభ జాతిని బట్టి బడిలో చేర్చుకోకపోవడాన్ని నిషేధించింది. కానీ తీర్పు పుస్తకాల్లో మిగిలిపోయింది. 1896లో రైలు పెట్టెల్లో జాతి విభజన చెల్లుతుందన్న ప్లెసీ కేసులో సుప్రీంకోర్టు షా తీర్పునే ఆసరా చేసుకుంది. బడుల్లో విభజన చెల్లదని అదే కోర్టు చెప్పేసరికి 1954 వచ్చింది.

రచయిత హెర్మన్ మెల్విల్‌కు ఆయన మామగారా?

అవును. షా కూతురు ఎలిజబెత్‌ను మెల్విల్ 1847లో పెళ్లి చేసుకున్నాడు. అంతకు ముందే తన మొదటి పుస్తకాన్ని షాకే అంకితమిచ్చాడు. రెండు కుటుంబాల బంధం ఇంకా పాతది, మెల్విల్ మేనత్త నాన్సీతో షాకు పెళ్లి కుదిరింది, పెళ్లి కాకుండానే ఆమె 1813లో చనిపోయింది. అల్లుడి చేతిలో డబ్బు ఆడనప్పుడు ఆదుకున్నది మామగారే.

ఆయన ఫొటో ఏదైనా ఉందా?

ఉంది. సౌత్‌వర్త్, హాస్ అనే బోస్టన్ ఫొటోగ్రాఫర్లు తీసిన చిత్రం. పైనుంచి పడే ఎండలో బండరాయిలా నిలబడ్డ భారీ మనిషి. తీర్పులు చదివాక ఆ ముఖాన్ని ఒకసారి చూడండి.

చివరికి ఆయనా, ఆ సిమ్సూ ఏమయ్యారు?

షా 1860 ఆగస్టులో 79 ఏళ్ల వయసులో రాజీనామా చేశాడు. 1861 మార్చి 30న చనిపోయాడు. రెండు వారాలకే ఫోర్ట్ సమ్టర్ అనే కోట మీద ఫిరంగులు పేలి అమెరికన్ అంతర్యుద్ధం మొదలైంది.

సిమ్స్‌ను అమ్మేస్తే మిసిసిపీ చేరాడు. 1863లో విక్స్‌బర్గ్ ముట్టడి సమయంలో తప్పించుకుని మళ్లీ బోస్టన్ వచ్చాడు. 1851లో అతన్ని ఓడెక్కించిన ఫెడరల్ మార్షల్ పేరు చార్లెస్ డెవెన్స్. డెవెన్స్ తర్వాత షా కూర్చున్న కోర్టులోనే జడ్జి అయ్యాడు, 1877లో దేశ అటార్నీ జనరల్ అయ్యాడు. ఆ ఏడాదే తన న్యాయశాఖలో థామస్ సిమ్స్‌కు ఉద్యోగమిచ్చాడు.